బస్సు ఆగే చోట మనం ఆగితే

(నెల్లూరులో ఆటో, క్యాబ్, స్కూలు వ్యాను డ్రైవర్ల కోసం పెట్టిన అవగాహన సభలో మాట్లాడింది ఆర్టీసీలో డ్రైవరుగా, తర్వాత డ్రైవింగ్ శిక్షకుడిగా పనిచేసి రిటైరైన ఒక పెద్దాయన. ఆయన మాటలకు ఇది అక్షర రూపం.)

అందరికీ నమస్కారం. వేదిక మీదున్న అధికారులకీ, ముందు వరసలో కూర్చున్న అన్నలకీ, వెనక గోడకి ఆనుకుని నిలబడ్డ తమ్ముళ్ళకీ. కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి, రండి నాయనా, కూర్చోండి. బయట బండి ఎవరైనా ఎత్తుకుపోతారేమోనని టెన్షన్ పడొద్దు, పోలీసులంతా ఇక్కడే ఉన్నారు. (నవ్వులు)

నాకిచ్చిన విషయం బస్ లేన్ నిబంధనలు. ఇందాక మెట్లెక్కుతుంటే ఒక తమ్ముడు ఆపి అడిగాడు, "పెద్దాయనా, నెల్లూరులో బస్ లేనే లేదు గదా, దాని రూల్సు మాకెందుకు" అని. అడగాల్సిన ప్రశ్నే. ట్రంకు రోడ్డు పొడుగునా నడిచి చూడండి, గాంధీబొమ్మ దగ్గరా, వీఆర్సీ దగ్గరా బస్సుకని గీసిన లేను కనపడదు. కానీ మన ఊళ్ళో ప్రతి బస్టాపూ ఒక పొట్టి బస్ లేనే. పొడుగు తక్కువ, అంతే తేడా. ఆ కాస్త చోటుని ఖాళీగా వదలడం మనకు అలవాటు కాకపోతే, రేపు వేదాయపాళెం నుంచి ఆత్మకూరు బస్టాండు దాకా ఎర్ర రంగు పూసి బస్ లేన్ ఇచ్చినా దాన్నీ ఆటో స్టాండు చేసేస్తాం. నేను ఈరోజు చెప్పదలచుకున్నది ఇదొక్కటే. మిగతావన్నీ దీనికోసమే చెప్తాను.

ముందు అసలు బస్ లేన్ ఎక్కడెక్కడ ఎట్లా నడుస్తుందో చూద్దాం. రోడ్డులో ఒక వరసని బస్సులకే వదిలేయడం అన్నమాట. లండన్‌లో 1968లో వాక్స్‌హాల్ బ్రిడ్జి మీద మొదలుపెట్టారు. బ్రెజిల్ దేశంలో కురిటిబా అనే ఊరు 1974 నుంచి రోడ్డు మధ్యలో బస్సులకే విడిగా దారి పెట్టి నడుపుతోంది. మన దేశంలో అహ్మదాబాద్ వాళ్ళు 2009లో జన్‌మార్గ్ పేరుతో మొదలుపెట్టారు. అక్కడ బస్సు దారి రోడ్డు మధ్యలో ఉంటుంది, స్టేషను కూడా మధ్యలోనే, బస్సుకి కుడి పక్కన తలుపు ఉంటుంది. వేరే బండ్లు దూరకుండా కంచె కట్టారు. మన రాష్ట్రంలో విజయవాడలోనూ విశాఖలోనూ బీఆర్‌టీఎస్ అని, అంటే మధ్యలో బస్సులకే విడిగా దారి వదిలిన రోడ్లు వేశారు. విజయవాడ సత్యనారాయణపురం వైపు వెళ్ళినవాళ్ళకి తెలుసు. బస్సులు అనుకున్నట్టు తిరగలేదు గానీ జనం నోట బీఆర్‌టీఎస్ రోడ్డు అనే పేరు మాత్రం స్థిరపడిపోయింది.

లండన్ నిబంధనలు కాస్త వివరంగా చెప్తాను. మన జిల్లా పిల్లలు అక్కడ చదువుకుంటూ, బండ్లు నడుపుకుంటూ చాలామందే ఉన్నారు. మీ ఇళ్ళల్లో కూడా ఉండొచ్చు. అక్కడా మనలాగే ఎడమ పక్కనే నడపాలి. బస్ లేన్ ఎడమ అంచున ఉంటుంది, మందంగా తెల్ల గీత గీసి ఉంటుంది. పక్కన నీలం బోర్డు. ఆ బోర్డు మీద వేళలు రాసి ఉంటాయి. ఆ వేళల్లో బస్సులు పోవాలి, సైకిళ్ళు పోవచ్చు, ఇంకా బోర్డు మీద ఎవరి బొమ్మ ఉంటే వాళ్ళు పోవచ్చు. వేళ దాటితే ఎవరైనా పోవచ్చు. కాబట్టి అక్కడ నడిపేవాడు మొదట చూడాల్సింది బోర్డు, తర్వాత గడియారం. చాలామంది రెండోది మర్చిపోతారు. కెమెరా మర్చిపోదు, నోటీసు ఇంటికి వస్తుంది.

మరి బస్ లేన్ ఎడమ అంచున ఉంటే, ఎడమకి తిరగాల్సినవాడు ఏం చేయాలి? దాన్ని దాటాల్సిందే గదా. అందుకే చాలాచోట్ల కూడలికి కాస్త ముందే బస్ లేన్‌ని ఆపేస్తారు. అక్కడి నుంచి ఎడమకి తిరిగే బండ్లు ఆ వరసలోకి రావచ్చు. తొందరపడి ముందే దూరకూడదు. దూరేముందు ఎడమ అద్దంలో చూసుకోవాలి, సైకిలువాడు వస్తుంటాడు.

క్యాబ్ నడిపేవాళ్ళు ఇది శ్రద్ధగా వినండి. లండన్‌లో రోడ్డు మీద చెయ్యెత్తితే ఆగే నల్ల టాక్సీకి బస్ లేన్‌లో పోయే అనుమతి ఉంది. ముందుగా బుక్ చేసుకుంటే వచ్చే మినీక్యాబ్‌కి లేదు. ఇదేం న్యాయమని మినీక్యాబ్ కంపెనీ ఒకటి కోర్టుకి పోయింది, ఆ గొడవ యూరప్ కోర్టు దాకా వెళ్ళింది. ఆ తేడా పెట్టడంలో తప్పు లేదని 2015లో చెప్పారు. కానీ మినీక్యాబ్‌కీ ఒక వెసులుబాటు ఉంది. ఆపడానికి అభ్యంతరం లేని చోట ప్యాసింజర్ని దించడానికో ఎక్కించుకోవడానికో బస్ లేన్‌లోకి వచ్చి, పని అయిన వెంటనే పోవచ్చు. చూశారా, లేన్ వెంబడి పరిగెత్తడం వేరు, మనిషిని దించి పోవడం వేరు అని అక్కడి చట్టం కూడా ఒప్పుకుంది. కానీ అదే లేన్‌లో బస్టాపు కోసం గీసిన పెట్టె ఉంటుంది. అందులో మాత్రం మామూలు బండి నిమిషం ఆగినా తప్పే. అంటే లేన్‌లో దయ చూపించినవాళ్ళు కూడా స్టాపులో చూపించలేదు. ఎందుకో ఇప్పుడు చెప్తాను, మన ఊరికి వచ్చేద్దాం.

మన బస్సు పొడుగు సుమారు 12 మీటర్లు. అడ్డం రెండున్నర మీటర్లు దాటుతుంది. మీ ఆటో ముందు చక్రం నుంచి వెనక బంపరు దాకా ఎంత పొడుగో, బస్సు అడ్డం దాదాపు అంత. ఇంత పెద్ద బండి రోడ్డు మీద నుంచి అంచుకి నిటారుగా చేరాలంటే స్టాపు ముందూ వెనకా ఖాళీ కావాలి. డ్రైవరు ముందు మూతిని లోపలికి తిప్పుతాడు, వెనక చక్రాలు నిదానంగా దాని వెంట వస్తాయి, అప్పుడు స్టీరింగు కుడికి తిప్పి సరిచేస్తాడు. ఈ మూడూ జరిగితేనే బస్సు అంచుకి ఆనుకుంటుంది.

ఇప్పుడు మన ఆటో అన్న ఏం చేస్తాడంటే, స్టాపులో అన్నిటికంటే ముందు చివర నిలబెడతాడు. అడిగితే "వెనక బస్సుకి చోటు వదిలాను గదా సార్" అంటాడు. నిజంగానే వదిలాననుకుంటాడు, అబద్ధం కాదు. కానీ బస్సు వచ్చి మూతి లోపలికి పెట్టిందా, ముందు మీ ఆటో ఉంది. సరిచేసుకోవడానికి చోటు లేదు. ముందు భాగం అంచు దగ్గరా, తోక రోడ్డు మీదా, ఏటవాలుగా ఆగిపోతుంది. వెనక చక్రానికీ అంచుకీ మధ్య ఒక మోటారు సైకిలు పట్టేంత సందు. మనవాళ్ళు ఆ సందుని వదలరు, దూరతారు. అదే సమయంలో ఒకామె చంకలో పిల్లాడు, చేతిలో సంచితో దిగుతుంటుంది. మెట్టు ఎత్తు. ఆమె కళ్ళు కింద కాలు పెట్టే చోటు మీదుంటాయి, ఎడమ నుంచి వచ్చే బండి మీద ఉండవు. బస్సు డ్రైవరు కుడి చివర సీటులో కూర్చుని ఉంటాడు, ఎడమ పక్కన ఆ సందులో జరిగేది అద్దంలో ఎంత కనపడితే అంత. నేను శిక్షణ ఇచ్చేటప్పుడు కొత్త డ్రైవర్లని బస్సు దింపి, ఆ సందులో నిలబెట్టి, ఇంకొకణ్ణి సీటులో కూర్చోబెట్టి "నీ స్నేహితుడు కనపడుతున్నాడా" అని అడిగేవాణ్ణి. చాలాసార్లు తల ఒక్కటే కనపడేది, కొన్నిసార్లు అదీ లేదు.

జనం ఎక్కారు, బస్సు కదలాలి. ముందు ఆటో ఉంది. ఇప్పుడు డ్రైవరుకి రెండే దారులు. వెనక్కి తీయాలి, లేదా కుడికి బాగా కోసుకుని బయటకి రావాలి. వెనక మనుషులుంటారు. కుడి పక్కన, ఆగిన బస్సుని దాటేద్దామని హారన్ కొడుతూ వచ్చేవాడు ఉంటాడు. ఇదంతా ఆటో ముందు చివర ఆగినందువల్ల. వెనక చివర ఆగితే బస్సు లోపలికి రాదు, ముందు చివర ఆగితే వచ్చినా బయటకి పోలేదు. మధ్యలో ఆగితే ఇంక చెప్పక్కర్లేదు.

పదిసార్లు ఇట్లా ఇరుక్కున్న బస్సు డ్రైవరు పదకొండోసారి ఏం చేస్తాడు? అసలు లోపలికే రాడు. నడిరోడ్డు మీద ఆపేస్తాడు. అప్పుడు వెనక ఆగిపోయేది ఎవరు? మన ఆటోలే, మన క్యాబులే. అక్కడ నిలబడి బస్సువాణ్ణి తిట్టుకుంటాం.

చట్టం ఏం చెప్తుందో క్లుప్తంగా చెప్తాను, ఇన్‌స్పెక్టరు గారు తర్వాత మాట్లాడతారు. బస్టాపు దగ్గర, బడి దగ్గర, ఆసుపత్రి గేటు దగ్గర బండి పార్కు చేయకూడదని 1989 నాటి రోడ్డు నిబంధనల్లోనే ఉంది. 2017లో వాటి స్థానంలో కొత్త డ్రైవింగ్ రెగ్యులేషన్లు వచ్చాయి. కాబట్టి ఇది నిన్నగాక మొన్న మన మీద పెట్టిన రూలు కాదు. మోటారు వాహనాల చట్టం 122వ సెక్షను, పదిమందికీ ప్రమాదమో అడ్డమో అసౌకర్యమో కలిగేటట్టు బండి నిలపకూడదని చెప్తుంది. 126 ఇంకా చిన్నది, కానీ మనలో ఎక్కువమంది తప్పేది అదే. ఇంజను నడుస్తుంటే డ్రైవరు సీటు వదిలి పోకూడదు. ఇంజను ఆపాలి, బ్రేకు వేయాలి, అప్పుడు దిగాలి. "ఒక్క టీ తాగొస్తా" అని ఆటో గుర్రుగుర్రుమంటుండగా పోతుంటారే, అది. జరిమానా విషయానికొస్తే, రోడ్డుకి అడ్డంగా బండి పెడితే 201వ సెక్షను కింద 500 దాకా, బండి లాక్కెళ్ళిన ఖర్చు అదనం. విడిగా ఏ శిక్షా రాయని తప్పులకి 177 కింద మొదటిసారి 500 దాకా, మళ్ళీ చేస్తే 1500 దాకా.

ఒక బోర్డు విషయం చెప్పి ముందుకి పోతాను. నీలం గుండ్రటి బోర్డు, ఎర్ర అంచు, మీద ఒకే ఒక్క ఎర్ర గీత ఏటవాలుగా ఉంటే పార్కింగ్ వద్దని. మనిషిని దించి పోవచ్చు, నిలబెట్టుకుని కూర్చోకూడదు. అదే బోర్డు మీద రెండు గీతలు ఇంటూ గుర్తులాగా ఉంటే అసలు ఆగనే కూడదు, దించడానికి కూడా. ఈ రెంటికీ తేడా తెలిసినవాళ్ళు చేతులెత్తండి. ...సరే, దించండి. తెలియనివాళ్ళు ఇప్పుడు తెలుసుకున్నారు.

ఇప్పటిదాకా మిమ్మల్నే అన్నాను. మీ మాట కూడా చెప్పాలి, లేకపోతే అన్యాయం. 2025 ఆగస్టు 15 నుంచి స్త్రీశక్తి వచ్చింది. పల్లెవెలుగులో, ఎక్స్‌ప్రెస్‌లో, సిటీ బస్సుల్లో ఆడవాళ్ళకి ఛార్జీ లేదు. మంచిదే, మా ఇంట్లోవాళ్ళూ ఎక్కుతున్నారు. కానీ షేర్ ఆటో అన్నకి అప్పటిదాకా ఉన్న బేరం పోయింది. ఆ అక్టోబరులో ప్రభుత్వం "ఆటో డ్రైవర్ల సేవలో" అని ఏడాదికి 15,000 రూపాయలు వేయడం మొదలుపెట్టింది. అది ఫైనాన్సు కంతులకి ఎన్ని నెలలు వస్తుందో మీకే తెలుసు. బేరం తగ్గేకొద్దీ జనం ఎక్కడుంటే అక్కడికే పోవాలనిపిస్తుంది. జనం ఉండేది బస్టాపులో. అందుకని అక్కడే నిలబెడతారు. మీ ఇబ్బంది నాకు అర్థమైంది.

అర్థమైంది గాబట్టే అధికారుల్ని ఇదే వేదిక మీద అడుగుతున్నాను. చట్టంలో 117వ సెక్షను ఉంది. బండ్లు ఎక్కడ నిలపాలో, ప్యాసింజరు బండ్లు ఎక్కడ ఆగాలో చోటు చూపించే అధికారం ప్రభుత్వానికి ఇచ్చింది. మద్రాసు బస్టాండు దగ్గర, ఆత్మకూరు బస్టాండు దగ్గర, అయ్యప్పగుడి దగ్గర ఆటోలకి చోటు చూపించకుండా ఇక్కడ ఆగొద్దు, అక్కడ ఆగొద్దు అంటే వాళ్ళు గాల్లో ఆపాలా? బస్టాపు దాటాక, బస్సు బయటకి పోయే దారి వదిలి, నాలుగు ఆటోలు పట్టే చోటు గీసివ్వండి. ఆ నాలుగు నిండితే ఐదోవాడు వెనక వీధిలో ఉండాలని యూనియను వాళ్ళే చూసుకుంటారు. (చప్పట్లు) చప్పట్లు కొట్టారు, సంతోషం. ఆ ఐదోవాడు మీరే అయినా ఇట్లాగే చప్పట్లు కొట్టాలి మరి.

రంగు పూస్తే సరిపోదని ఢిల్లీ చూపించింది. 2008లో అంబేద్కర్ నగర్ నుంచి మూల్‌చంద్ వైపు 5.8 కిలోమీటర్లు బస్సులకి విడిగా దారి పెట్టారు. బస్సుల్లో పోయేవాళ్ళకి బాగానే ఉండేది. కార్లవాళ్ళు గోల పెట్టారు, కోర్టుకెక్కారు. కోర్టు బస్సుల పక్షానే నిలిచింది. అయినా కూడళ్ళలో చిక్కులు తీరలేదు, జనం రోడ్డు మధ్యలో ఉన్న స్టాపుకి దాటాల్సి రావడం ఇంకొక తిప్పలు. చివరికి 2016లో పడగొట్టారు. మళ్ళీ 2022 ఏప్రిల్ 1 నుంచి అదే ఢిల్లీలో, ఈసారి కట్టడాలు లేకుండా, ఉన్న రోడ్ల ఎడమ అంచునే బస్సులకీ సరుకు బండ్లకీ వదిలి, పొద్దున 8 నుంచి రాత్రి 10 దాకా వేరే బండి రాకూడదన్నారు. అందులో నాకు నచ్చింది ఒకటుంది. లేన్‌లో అడ్డంగా నిలిపిన కార్లని లాక్కెళ్ళడంతో ఆగలేదు. లేన్ వదిలి బయట తిరిగే బస్సు డ్రైవరుకి కూడా 10,000 దాకా జరిమానా పెట్టారు. ఇద్దరికీ పెడితేనే అది నిబంధన అవుతుంది.

ఇక మీరు రోజూ చేయగలిగింది. స్టాపులో ఎవరైనా చెయ్యెత్తితే అక్కడికక్కడే బ్రేకు కొట్టొద్దు. స్టాపు దాటి, బస్సు పొడుగంత ముందుకి పోయి, ఎడమ ఇండికేటరు వేసి అంచుకి ఆపండి. ఎక్కాల్సినవాళ్ళు పది అడుగులు వేస్తారు, వేస్తారు. స్టాపుకి ముందు ఆగితే వెనక నుంచి వచ్చే బస్సుకి అడ్డం, దాటాక ఆగితే ఎవరికీ అడ్డం ఉండదు. ఆగి ఉన్న బస్సు కుడి ఇండికేటరు వేసిందంటే దాన్ని దాటేయడానికి తొందరపడొద్దు, దానికి దారివ్వండి. బస్సు ముందు నుంచి రోడ్డు దాటేవాళ్ళు ఎప్పుడూ ఉంటారు. వాళ్ళు మీకు కనపడరు, మీరు వాళ్ళకి కనపడరు. వాన పడ్డ రోజు మాగుంట లేఅవుట్ అండర్‌బ్రిడ్జి కింద నీళ్ళు నిలుస్తాయి, బండ్లన్నీ వేరే దారులు పడతాయి. ఆ రోజుల్లో, రొట్టెల పండగ రోజుల్లో దర్గామిట్ట వైపు ఇది ఇంకా గట్టిగా పాటించాలి, ఎందుకంటే బయటి ఊళ్ళ నుంచి వచ్చిన డ్రైవర్లకి మన స్టాపులు తెలియవు. ముందు ఎవడు ఆపితే వాడి వెనకే ఆపేస్తారు.

అంబులెన్సు సంగతి ప్రత్యేకంగా చెప్పాలా? పొగతోట అంతా ఆసుపత్రులే. దానికి దారివ్వకపోతే 194ఇ కింద 10,000 జరిమానా, లేదా ఆరు నెలల దాకా జైలు, లేదా రెండూ. బస్టాపు ఖాళీగా ఉంటే అంబులెన్సు వచ్చినప్పుడు బస్సు పక్కకి జరగడానికి ఒక చోటంటూ ఉంటుంది.

ప్రశ్నలుంటే అడగండి.

(ఒక స్కూలు వ్యాను డ్రైవరు: మాకు బడి గేటు దగ్గరే బస్టాపు ఉంది సార్. పిల్లల్ని ఎక్కడ దించాలి?)

చిన్నపిల్లలు గదా, దూరంగా దించమని నేను చెప్పను. బడివాళ్ళతో మాట్లాడి గేటు లోపలికి పోయి దించండి. ఆవరణలో చోటు లేదంటారు, ఉంటుంది. పొద్దున ఆ ముప్పావు గంట హెడ్‌మాస్టరు గారి కారు ఇంకొక మూల పెడితే సరిపోతుంది. లోపలికి వీల్లేకపోతే స్టాపు దాటాక, బడి ఉన్న పక్కనే ఆపండి. ఎదుటి పక్క ఆపి పిల్లల్ని రోడ్డు దాటించొద్దు. ఆయా దిగి తలుపు దగ్గర నిలబడ్డాకే తలుపు తీయాలి.

(ఇంకొకరు: హైవే మీద ప్యాసింజర్లు చెయ్యెత్తుతారు. అక్కడ స్టాపు ఉండదు గదా అన్నా?)

జాతీయ రహదారి 16 మీద బండ్లు ఏ వేగంతో వస్తాయో మీకు తెలుసు. రోడ్డు వరసలో ఆపొద్దు, ఎంత బేరమైనా సరే. సర్వీసు రోడ్డులోకి దిగి ఆపండి. రాత్రి వేళ లైట్లు తీసేసి అంచున నిలబెట్టే లారీ ఎంత ప్రమాదమో, ఇద్దరు ప్యాసింజర్ల కోసం ఆగే ఆటో కూడా అంతే.

(వెనక నుంచి ఒకరు: అన్నీ మాకే చెప్తున్నారు. స్టాపు ఖాళీగా ఉన్నా మీ ఆర్టీసీ బస్సులు నడిరోడ్డు మీదే ఆపుతాయి. దానికేం చెప్తారు?)

దీనికోసమే చూస్తున్నాను, ఇంతసేపూ ఎవరూ అడగలేదేందా అని. (నవ్వులు) నిజమే నాయనా. లోపలికి పోతే మళ్ళీ బయటకి రానివ్వరని భయం కొంత, టైము మీద టెన్షన్ కొంత, అలవాటు ఎక్కువ. స్టాపు ఖాళీగా ఉండి కూడా నడిరోడ్డు మీద ఆపిన డ్రైవరుది తప్పే, దానికి వంక లేదు. బస్సు నంబరు, టైము, స్టాపు పేరు కాగితం మీద రాసి డిపో మేనేజరుకి ఇవ్వండి. "మీ బస్సులు ఎప్పుడూ ఇంతే" అని రాస్తే ఎవరూ ఏమీ చేయలేరు, నంబరూ టైమూ ఉంటే ఆ రోజు డ్యూటీలో ఎవరున్నారో వాళ్ళకి తెలిసిపోతుంది, పిలిచి అడుగుతారు. ఇచ్చేటప్పుడు ఇంకొకటి కూడా చేయండి. ఆ సమయంలో స్టాపులో ఒక్క ఆటో కూడా లేదని కనపడేటట్టు ఫోనులో ఒక ఫోటో తీసి జతచేయండి. ఆ ఫోటో మీరు తీయగలిగితే మీ ఫిర్యాదుని నేనే డిపోకి తీసుకుపోతాను.